తోటి కోతే పొడుపుకథ

1983లో దక్షిణాఫ్రికాలోని డ్రాకెన్స్‌బర్గ్ కొండల్లో రిచర్డ్ బర్న్, ఆండ్రూ వైటెన్ అనే ఇద్దరు బ్రిటిష్ పరిశోధకులు ఒక బబూన్ కోతుల గుంపు వెంట తిరుగుతున్నారు. నేల ఎండి గట్టిపడి ఉంది. మెల్ అని వాళ్లు పేరు పెట్టుకున్న ఒక పెద్ద ఆడకోతి నానా తంటాలు పడి ఆ నేల తవ్వి ఒక దుంప పైకి తీసింది. పాల్ అనే పిల్లకోతి అక్కడికి వచ్చింది. అంత గట్టి నేలను తవ్వే బలం దానికింకా రాలేదు. అటూ ఇటూ చూసింది. చుట్టుపక్కల ఇంకే కోతీ కనబడలేదు. వెంటనే ఎవరో కొట్టినట్టు కెవ్వుమని అరిచింది. ఎక్కడో మేస్తున్న దాని తల్లి ఆ కేక విని పరుగెత్తుకొచ్చింది. గుంపులో తల్లి హోదా మెల్ కన్నా ఎక్కువ. వస్తూనే మెల్ మీద పడి తరిమింది. ఆ రెండూ కనుమరుగు కాగానే పాల్ తాపీగా దుంప అందుకుని తినడం మొదలుపెట్టింది.

ఒక్కసారి చూసినదాన్ని కాకతాళీయమని కొట్టిపారేయొచ్చు. అలాంటివే మరికొన్ని కంటబడేసరికి బర్న్‌కీ వైటెన్‌కీ అలా వదిలేయబుద్ధి కాలేదు. కోతుల మీద పనిచేస్తున్న ఇతర శాస్త్రవేత్తలకు ఉత్తరాలు రాసి, ఒక కోతి ఇంకో కోతిని బురిడీ కొట్టించడం మీరెప్పుడైనా చూశారా అని అడిగారు. 1990 నాటికి 253 ఉదంతాలు పోగయ్యాయి. ప్రయోగశాలలో కొలిచి చూపించడానికి వీల్లేని సంగతులు కాబట్టి అప్పటిదాకా చాలామంది వాటిని నోటుపుస్తకాల్లోనే ఉంచేశారు.

ఈ ఇద్దరూ కలిసి 1988లో తెచ్చిన వ్యాస సంకలనం పేరు ‘మాకియవెలియన్ ఇంటెలిజెన్స్’. రాజ్యం నిలబెట్టుకోవడానికి పాలకుడు ఏ ఎత్తులు వేయాలో రాసిన ఇటలీ రచయిత మాకియవెల్లి పేరు మీద పెట్టిన పేరది. మనిషి తెలివికి మూలం తోటివాళ్ల మధ్య నెగ్గుకురావడంలో ఉందన్న వాదం ఆ పుస్తకంతో అందరి నోళ్లలోనూ నానింది. వాదం మాత్రం అంతకు ఇరవై రెండేళ్ల ముందే పుట్టింది. దాన్ని మొదట స్పష్టంగా చెప్పిన మనిషికి దక్కాల్సినంత పేరు దక్కలేదని నా నమ్మకం. పైగా ఆమె చెప్పిన మాటలో సగం ఈ ప్రయాణంలో దారి తప్పింది. మళ్లీ దారికి రావడానికి చాలా ఏళ్లు పట్టింది.

మనిషికి ఇంత మెదడు ఎందుకు అన్న ప్రశ్న అంతకన్నా పాతది. డార్విన్‌తో పాటు ప్రకృతి వరణ సూత్రాన్ని కనిపెట్టిన ఆల్ఫ్రెడ్ రస్సెల్ వాలెస్ 1869లో దాన్ని సూటిగా వేశాడు. వేటాడుకుని, దుంపలు తవ్వుకుని బతికే మనిషికి కోతి మెదడు కన్నా కాస్త మెరుగైనది ఉంటే సరిపోవాలి కదా. అమెజాన్ అడవుల్లో, మలయా ద్వీపాల్లో అలాంటి జనం మధ్య ఏళ్ల తరబడి బతికిన వాలెస్‌కు వాళ్ల మెదడు ఏ పండితుడి మెదడుకూ తీసిపోదని తెలుసు. అవసరానికి మించిన అవయవాన్ని ప్రకృతి వరణం ఎందుకు తయారుచేస్తుంది? చేయదు, దీని వెనక ఏదో పైశక్తి ఉండాలి అని వాలెస్ తేల్చేశాడు. ఆ వ్యాసం చదువుతున్న డార్విన్ పుట అంచున ‘కాదు’ అని రాసి, కింద గీతలు కొట్టాడు.

వాలెస్ చెప్పిన జవాబు నిలవలేదు. ప్రశ్న మాత్రం నిలిచింది. మెదడు ఊరికే పెరిగే అవయవం కాదు. ఒంటి బరువులో 2 శాతం ఉండే మెదడు, మనం ఊరికే కూర్చున్నప్పుడు కూడా ఒంట్లో ఖర్చయ్యే శక్తిలో 20 శాతం దాకా తినేస్తుంది. చింపాంజీ మెదడు సుమారు 400 ఘనపు సెంటీమీటర్లుంటే మనది 1350 దాకా ఉంటుంది. ఇంత ఖర్చు తరతరాలుగా భరించారంటే దానికి తగ్గ రాబడి ఉండాలి.

ఆ రాబడి పనిముట్లలో ఉందని ఇరవయ్యో శతాబ్దం చాలాకాలం నమ్మింది. మనిషంటే పనిముట్లు చేసే జంతువు అని కెన్నెత్ ఓక్లీ 1949లో పుస్తకమే రాశాడు. 1960లో టాంజానియాలోని గోంబెలో చింపాంజీలు పుల్లలు చేసుకుని చెదల పుట్టల్లో దూర్చడం జేన్ గుడాల్ చూసినప్పుడు అంత సంచలనం రేగింది అందుకే. కానీ రాళ్ల సాక్ష్యం ఈ నమ్మకానికి సరిగ్గా కలిసిరాదు. ఆదిమానవుడి రాతి చేగొడ్డలి ఆఫ్రికాలో సుమారు 17 లక్షల ఏళ్ల కిందట మొదలైంది. చెన్నై దగ్గరి అత్తిరంపాక్కంలో 15 లక్షల ఏళ్ల నాటివి దొరికాయి. మన నాగార్జునకొండ లోయలోనూ చేగొడ్డళ్లు దొరికాయి. పది లక్షల ఏళ్లకు పైగా ఆ పనిముట్టు రూపురేఖలు పెద్దగా మారలేదు. ఆ కాలంలోనే మనిషి మెదడు పెరుగుతూ పోయింది. చేతిలోని రాయి ఉన్నచోటే ఉంటే, తలలోని మెదడు దేనికోసం పెరిగినట్టు?

నేను మొదట్లో చెప్పిన ఆ మనిషి, అలిసన్ జాలీ, 1963లో మడగాస్కర్ వెళ్లింది. అమెరికాలో పుట్టి, యేల్‌లో డాక్టరేట్ చేసిన అమ్మాయి. ఆ ద్వీపం దక్షిణాన, మండ్రారే నది ఒడ్డున, బెరెంటీ అనే చోట ఒక ప్రైవేటు ఎస్టేటు వాళ్లు కాపాడుకుంటున్న చిన్న అడవి ఉంది. చుట్టూ కలబంద లాంటి సీసల్ తోటలు, మధ్యలో పెద్ద పెద్ద చింతచెట్లు. ఆ చింతచెట్ల మీద నలుపు తెలుపు పట్టీల తోకలున్న లెమూర్లు గుంపులు గుంపులుగా ఉండేవి. పొద్దున్నే చేతులు చాపి, పొట్ట ఎండకు పెట్టి కూర్చునేవి. తర్వాత చింతాకు, చింతకాయలు తినేవి. ఏ కొమ్మ మీద ఎవరు కూర్చోవాలో, ఎవరు ఎవరికి దారివ్వాలో వాటికి కచ్చితమైన లెక్క ఉండేది. ఆడవాటి మాటే చెల్లుబాటు. ఎంత పెద్ద మగ లెమూర్ అయినా ఆడది వస్తే తింటున్న చోటు వదిలి పక్కకు జరగాల్సిందే.

లెమూర్లు మనకూ కోతులకూ దూరపు చుట్టాలు. కోతుల శాఖ విడిపోకముందే వేరుపడిన పాత వంశం. జాలీ అంతకుముందే వాటికి చిన్న చిన్న పరీక్షలు పెట్టి చూసింది. వస్తువును తిప్పి, లాగి, తెరిచి తిండి తీసుకోవడమనేది కోతులకు ఆటలాంటిది. లెమూర్లు అందులో బాగా వెనకబడ్డాయి. వస్తువు మీద వాటికి పెద్ద ఆసక్తే లేదు. అదే లెమూర్లు బెరెంటీలో చుట్టరికాలు, హోదాలు, పగలు, రాజీలు గల కాపురం చేస్తున్నాయి. పిల్లలు పెద్దవాటిని చూసి ఏది తినాలో, ఎవరికి భయపడాలో నేర్చుకుంటున్నాయి. కోతుల సమాజంలో ఉండేవన్నీ ఇక్కడా ఉన్నాయి. కోతుల చేతి నైపుణ్యం ఒక్కటే లేదు.

ఈ రెండు సంగతులనూ పక్కపక్కన పెట్టి చూడటమే ఆమె చేసిన గొప్ప పని. తెలివి ముందు పుట్టి దానివల్ల సమాజం ఏర్పడిందని అందరూ అనుకుంటున్నారు. లెమూర్లను చూస్తే వరస తిరగబడుతోంది. సమాజం ముందుంది, వస్తువుల మీద తెలివి తర్వాత వచ్చింది. 1966 జులైలో ‘సైన్స్’ పత్రికలో అచ్చయిన వ్యాసంలో ఆమె దీన్ని కుండబద్దలు కొట్టినట్టు చెప్పింది: గుంపు జీవితం ప్రైమేట్ల (లెమూర్లు, కోతులు, మనుషులు చేరే వర్గం) తెలివికి ముందే ఉంది, ఆ తెలివి పుట్టడానికి అదే వీలు కల్పించింది, ఆ తెలివి ఎలాంటిదవ్వాలో కూడా అదే నిర్ణయించింది. మూడో మాటను గుర్తుపెట్టుకోవాలి. మెదడు ఎంత పెద్దది అన్నది ఆమె ప్రశ్న కాదు. అది ఎలాంటి తెలివి అన్నదే ఆమె పట్టుకున్న సంగతి. ఆ తెలివిలో ఆమె ఎక్కువ బరువు పెట్టింది ఒకరి నుంచి ఒకరు నేర్చుకోవడం మీద.

పదేళ్లపాటు ఆ మాట పెద్దగా ఎవరి చెవికీ ఎక్కలేదు.

ఈలోగా కేంబ్రిడ్జ్‌లో నికొలస్ హంఫ్రీ అనే యువకుడు హెలెన్ అనే కోతితో పనిచేస్తున్నాడు. చూపుకు సంబంధించిన మెదడు భాగాన్ని శస్త్రచికిత్సతో తీసేసిన కోతి అది. ఆ రోజుల్లో అలాంటి ప్రయోగాలు మామూలు. ఈరోజు చదువుతుంటే మనసు చివుక్కుమంటుంది. హెలెన్ గుడ్డిదైపోయిందనే అనుకున్నారు. హంఫ్రీ మాత్రం పరీక్షలు పక్కన పెట్టి బోను పక్కన కూర్చుని దానితో ఆడుకున్నాడు. అది తన వైపు కళ్లు తిప్పుతోందని గమనించాడు. తర్వాతి ఏళ్లలో దానికి తాడు కట్టి, కేంబ్రిడ్జ్ దగ్గరి మాడింగ్లీలో ఆరుబయట నడిపించాడు. హెలెన్ చెట్లకు తగలకుండా నడవడం, నేల మీది గింజలు ఏరుకోవడం నేర్చుకుంది. జంతువు అసలు సంగతి బోనులోని మీటలు నొక్కించడంలో బయటపడదని హంఫ్రీకి అప్పుడే అర్థమై ఉండాలి.

1971లో అతను రువాండాలోని విరుంగా కొండల్లో డయాన్ ఫాసీ గొరిల్లాలను పరిశీలిస్తున్న శిబిరానికి వెళ్లి కొంతకాలం ఉన్నాడు. వాలెస్ ప్రశ్న అక్కడ కొత్త రూపంలో ఎదురైంది. ప్రయోగశాలలో గొరిల్లాలు చాలా తెలివి చూపిస్తాయి. అడవిలో ఆ తెలివికి పనేముంది? కూర్చున్న చోటే చుట్టూ ఆకులు, కాడలు. వేటాడే జంతువుల బెడద దాదాపు లేదు. తినడం, నిద్రపోవడం, ఆడుకోవడం. ఇంత తేలికైన బతుక్కి అంత మెదడెందుకు? మాడింగ్లీ బోనుల్లోని రీసస్ కోతులు ఇంకా విచిత్రం. ఉత్త తీగ గోడలు, సిమెంటు నేల, టైముకి తిండి. వాటి బుర్రకు పని చెప్పే వస్తువు ఒక్కటీ లేదు. అయినా అవి మందకొడిగా లేవు. ఎందుకంటే ఒక బోనులో ఎనిమిదో తొమ్మిదో ఉన్నాయి. వాటికి ఒకదానికొకటి ఉన్నాయి.

హంఫ్రీ 1976లో రాసిన ‘మేధకున్న సామాజిక ప్రయోజనం’ అన్న అర్థం వచ్చే వ్యాసం ఈ రంగానికి మలుపు. అందులో రాబిన్సన్ క్రూసోను ఉదాహరణగా తీసుకున్నాడు. దీవి మీద ఒంటరిగా ఉన్నన్నాళ్లు క్రూసోకు గుడిసె వేసుకోవడం, మేకల్ని పట్టడం కష్టమే గానీ, మేకలు ఎత్తుకు పైయెత్తు వేయవు. ఫ్రైడే అనే మనిషి వచ్చాకే బుర్ర పెట్టి ఆలోచించాల్సిన పని పడింది. ఇంకా నలుగురు వచ్చి ఉంటే ఎవరు ఎవరితో కలుస్తారో ప్రతిపూటా లెక్కేసుకోవాల్సి వచ్చేది. కొండ తన పక్కన నడిచేవాడిని చూసి ఆకారం మార్చుకోదు. తోటి మనిషి మార్చుకుంటాడు. మన ఎత్తు అతనికి తెలిస్తే అతని ఎత్తు మారిపోతుంది. కాబట్టి ఇక్కడ తెలివికి పైహద్దు లేదు. ఒక తరంలో తెలివైనవాళ్లు నెగ్గితే వాళ్ల పిల్లలు అంతే తెలివైనవాళ్ల మధ్య పుడతారు. మళ్లీ ఇంకాస్త తెలివి కావాలి. రాతిగొడ్డలి నిలిచిపోయినా మెదడు ఎందుకు ఆగలేదో చెప్పడానికి నాకు తెలిసి ఇంతకన్నా పదునైన తర్కం లేదు.

అయితే హంఫ్రీ వ్యాసాన్ని చదరంగం పోలిక నడిపించింది. అక్కడి నుంచి పన్నెండేళ్లకు మాకియవెల్లి పేరు వచ్చి చేరింది. జాలీ లెమూర్ పిల్లలు పెద్దవాటిని చూసి నేర్చుకోవడం పక్కకుపోయింది. ఎత్తులు, మోసాలు ముందుకొచ్చాయి.

మనుషుల మీద పరిశోధన కూడా ఆ దారినే పట్టింది. లండన్‌లో పీటర్ వేసన్ 1966లో ఒక పొడుపు కట్టాడు. బల్ల మీద నాలుగు కార్డులున్నాయి: ఎ, కె, 4, 7. ఒక పక్క అచ్చు ఉంటే రెండో పక్క సరిసంఖ్య ఉండాలన్నది నియమం. నియమం తప్పారో లేదో తెలియాలంటే ఏ కార్డులు తిప్పాలి? చాలామంది ఎ, 4 అంటారు. సరైన జవాబు ఎ, 7. నాలుగు వెనక ఏమున్నా నియమం తప్పదు. ఏడు వెనక అచ్చు ఉంటేనే తప్పుతుంది. చదువుకున్న వాళ్లలోనూ పదిమందిలో ఒకరు సరిగ్గా చెబితే ఎక్కువ. ఇదే పొడుపును బీరు తాగేవాళ్ల వయసు ఫలానా దాటి ఉండాలి, ఎవరిని పరీక్షిస్తావు అని మార్చి అడిగారు. పదిమందిలో ఏడుగురు సరిగ్గా చెప్పారు: బీరు తాగుతున్నవాణ్ని, చిన్నవాణ్ని. తర్కం ఒకటే. రెండోదాంట్లో పట్టుకోవాల్సింది నియమం తప్పిన మనిషిని. లీడా కాస్మిడెస్ 1980ల్లో దీన్ని పట్టుకుని, ఇచ్చిపుచ్చుకోవడంలో మోసాన్ని పసిగట్టే ప్రత్యేక యంత్రాంగం మన మెదడులో ఉందని వాదించింది. పరిణామ మనస్తత్వ శాస్త్రం అనే కొత్త శాఖ నిలదొక్కుకోవడానికి ఈ ప్రయోగాలు బాగా పనికొచ్చాయి. అంత ప్రత్యేక యంత్రాంగం అవసరం లేదు, అనుమతులూ బాధ్యతలూ మనకు రోజువారీ అలవాటు కాబట్టే జవాబు తేలికవుతుందని అన్నవాళ్లూ ఉన్నారు. ఆ వాదన కొట్టిపారేయదగ్గది కాదు.

రాబిన్ డన్‌బర్‌ను కథలు కాకుండా అంకెలు ఆకర్షించాయి. ఇథియోపియా ఎత్తైన కొండల్లో గెలాడా కోతుల వెంట తిరిగినవాడు. కోతులు ఒకదానికొకటి పేలు చూసుకోవడం మనం గుడి మెట్ల మీద ఎన్నోసార్లు చూసి ఉంటాం. అది శుభ్రత కోసమే అయితే అంతసేపు అక్కర్లేదు. గెలాడాలు పగటి సమయంలో ఐదోవంతు దాకా దీనికే ఖర్చుపెడతాయి. స్నేహం నిలుపుకునే పద్ధతి అది. గుంపు పెద్దదైతే నిలుపుకోవాల్సిన స్నేహాలు పెరుగుతాయి, గుర్తుపెట్టుకోవాల్సిన తగాదాలూ పెరుగుతాయి. అలాగైతే గుంపు సైజుకీ మెదడు సైజుకీ లంకె ఉండాలి. ఫ్రాంక్‌ఫర్ట్‌లో హైంజ్ స్టెఫాన్, ఆయన సహచరులు ఎన్నో జంతువుల మెదడు భాగాలను ఓపికగా కొలిచి 1981లో ప్రచురించిన పట్టికలు ఉన్నాయి. డన్‌బర్ ఆ పట్టికల నుంచి నియోకార్టెక్స్ అనే పైపొర కొలతలు తీసుకుని గుంపుల సైజుతో పోల్చాడు. గీత చక్కగా పైకి వెళ్లింది. 1992లో ఆ వ్యాసం వచ్చింది. అదే గీత మీద మనిషిని పెడితే 147.8 అనే అంకె తేలింది. 150గా లోకానికెక్కిన డన్‌బర్ సంఖ్య ఇదే. 150 మందితో పేలు చూసుకుంటూ స్నేహం చేయాలంటే రోజులో 42 శాతం సమయం పడుతుందని కూడా లెక్కగట్టాడు. తిండి సంపాదించుకోవాల్సిన జంతువుకు అది కుదరని పని. కాబట్టి ఒకేసారి ముగ్గురు నలుగురితో పెట్టుకోగలిగిన ముచ్చట, అంటే భాష, పేలు చూసే చేతుల స్థానంలోకి వచ్చిందని ఆయన ఊహ. భాష పుట్టుకకు రుజువులు దొరకడం కష్టం గానీ, ఆలోచనగా ఇది నాకెంతో ఇష్టం.

అంకె మీద నాకంత నమ్మకం లేదు. ఆ గీతను మనిషి దాకా సాగదీసినప్పుడు పొరపాటుకు ఉన్న అవకాశం చాలా పెద్దది. డన్‌బర్ స్వయంగా 1993లో ఇచ్చిన హద్దులే 100 నుంచి 231 దాకా ఉన్నాయి. స్వీడన్ పరిశోధకులు 2021లో కొత్త సమాచారంతో, కొత్త గణిత పద్ధతులతో మళ్లీ లెక్కేసి, ఏ ఒక్క అంకె చెప్పడానికీ వీలులేనంత విశాలమైన హద్దులు వస్తున్నాయని తేల్చారు. అయినా 150 అన్నది ఆఫీసు మేనేజ్‌మెంట్ పాఠాల్లో వేదవాక్యంలా తిరుగుతూనే ఉంది.

అంతకన్నా గట్టి అభ్యంతరం తిండి వైపు నుంచి వచ్చింది. పనామాలోని బారో కొలరాడో ద్వీపంలో కాథరిన్ మిల్టన్ రెండు రకాల కోతులను పక్కపక్కనే చూసింది. హౌలర్ కోతి, స్పైడర్ కోతి. ఒళ్లు దాదాపు ఒకే సైజు. హౌలర్ మెదడు 50 గ్రాములైతే స్పైడర్‌ది 107. హౌలర్లు ఎక్కువగా ఆకులు తింటాయి, స్పైడర్లు ఎక్కువగా పండ్లు. ఆకు ఎక్కడైనా ఉంటుంది. పండు ఏ చెట్టుకి ఎప్పుడు పండుతుందో గుర్తుండాలి. 2017లో అలెక్స్ డికేసియన్ బృందం 140కి పైగా జాతులను పోల్చి, మెదడు సైజును ముందుగా చెప్పగలిగేది గుంపు సైజు కాదు, ఆహారం అని చూపించింది. పండ్లు తినే జాతుల మెదడు ఆకులు తినేవాటి కన్నా పాతిక శాతం పెద్దది. ఒరాంగుటాన్ మరో చిక్కు: ఎక్కువగా ఒంటరిగా తిరిగే జంతువు, అయినా పెద్ద మెదడు.

డన్‌బర్ వాదాన్ని ఇది బాగా దెబ్బతీస్తుంది. జాలీ వాదాన్ని అంతగా తాకదు. పండ్లు మెదడుకు కావాల్సిన శక్తినిచ్చి ఉండొచ్చు, దాని పెరుగుదలకు మొదటి ఒత్తిడీ అదే కావచ్చు. ఆ మెదడు దేన్ని బాగా చేయడానికి అలవాటుపడింది అన్నది వేరే ప్రశ్న. దానికి నేరుగా జవాబు వెతికిన ప్రయోగం 2007లో ‘సైన్స్’లోనే వచ్చింది. ఎస్తర్ హెర్మన్, మైకెల్ టొమాసెల్లో, వాళ్ల సహచరులు 106 చింపాంజీలకు, 32 ఒరాంగుటాన్లకు, రెండున్నరేళ్ల వయసున్న 105 మంది పిల్లలకు ఒకే పరీక్షలన్నీ పెట్టారు. దాచిన వస్తువు ఎక్కడుందో గుర్తుపెట్టుకోవడం, ఏది ఎక్కువో ఏది తక్కువో పోల్చడం, పుల్లతో అందుకోవడం లాంటి పనుల్లో మొత్తం మీద పిల్లలు, చింపాంజీలు సమానం. మనిషి పిల్లకు పుట్టుకతో వచ్చేది అన్ని విషయాల్లోనూ పెద్ద తెలివి అయితే ఇక్కడే తేడా కనబడాలి. కనబడలేదు. తేడా అంతా ఇంకో రకం పరీక్షల్లో వచ్చింది: ఎదుటివాళ్లు ఎటు చూపిస్తున్నారో పట్టుకోవడం, వాళ్ల ఉద్దేశం ఊహించడం, చేసింది చూసి నేర్చుకోవడం.

వాటిలో ఒకటి ఇలా సాగింది. పెద్దమనిషి ఒక ప్లాస్టిక్ గొట్టాన్ని అందరి ముందూ తెరిచి, లోపలున్నది బయటికి తీశాడు. అలాంటిదే ఇంకో గొట్టం చేతికిచ్చాడు. చింపాంజీలు, ఒరాంగుటాన్లు దాన్ని కొరికి, విరగ్గొట్టి లోపలిది తీయాలని చూశాయి. పళ్లలో బలం, చేతుల్లో బలం వాటికి మన కన్నా ఎక్కువే. పిల్లలు ఆ మనిషి చేతులు ఏం చేశాయో చూశారు. అదే చేశారు.